డిశ్చార్జ్ అన్న ఒక్క మాట

పరకాల వైపు మా ఊళ్ళో, నేను పదో తరగతి చదువుతున్న 1977 ప్రాంతంలో, ఇంగ్లీషు కాగితం ఏది వచ్చినా చదివి పెట్టమని ఊరివాళ్ళు పిలిచే ముగ్గురు నలుగురిలో నేనొకణ్ణి. సహకార సంఘం నోటీసులు, మందుసీసాల మీది చీటీలు చదివి అర్థం చెప్పడం నాకు గర్వంగా ఉండేది. టెలిగ్రాం సంగతి మాత్రం వేరు. తంతి వచ్చిందంటే చావు కబురేనని అందరి మనసుల్లో నాటుకుపోయింది కాబట్టి, తపాలా ఆయన సైకిలు ఏ వాకిట్లో ఆగితే ఆ వాకిట్లోకి పక్కిండ్లవాళ్ళు పరుగున వచ్చేవాళ్ళు, కాగితం మడత విప్పకముందే ఆడవాళ్ళు కొంగు నోటికి అడ్డం పెట్టుకొనేవాళ్ళు.

ఒక శుక్రవారం సాయంత్రం అలాంటి తంతి ఒకటి మా పక్క వాడలోని సాలోళ్ళ ఇంటికి వచ్చింది. ఆ ఇంటాయన భివండిలో పవర్‌లూముల మీద పనిచేసేవాడు. పెద్ద కొడుకు కూడా అక్కడే తండ్రితో ఉండేవాడు. మా వైపు నుంచి అప్పటికే ఎన్నో నేత కుటుంబాలు భివండికి, షోలాపూర్‌కు, సూరత్‌కు బతుకుదెరువు కోసం వెళ్ళిపోయాయి. నేను చిన్నమ్మ అని పిలిచే ఆ ఇంటావిడ రాట్నం ముందు కూర్చొని కండెలు చుడుతున్నది. టెలిగ్రాంలో నాలుగే మాటలు: ఫాదర్, డిశ్చార్జ్డ్, రీచింగ్, సండే. మూడు మాటలు నాకు వచ్చు. రెండో మాట కోసం ఇంటికి పరుగెత్తి, మా బడిలో బహుమతిగా ఇచ్చిన చిన్న నిఘంటువు తెరిచాను. ‘పనిలోనుండి తొలగించు’ అన్నది అందులో మొదటి అర్థం. దాని తర్వాత ఇంకా మూడు నాలుగు అర్థాలు వరుసగా ఉన్నాయి కానీ, భివండిలో పనిచేసే మనిషి గురించిన మాటకు పనికి సంబంధించిన అర్థం దొరికిన తర్వాత మిగతావి చదవాలని నాకు తోచలేదు.

‘చిన్నాయనను పనిల నుంచి తీసేసిండ్రట చిన్నమ్మా, ఐతారం నాడు ఇంటికొస్తుండట’ అని చెప్పాను. ఆమె రాట్నం మీద చెయ్యి తీసి ఒళ్ళో పెట్టుకున్నది. కండెకు చుట్టుకుంటున్న దారం ఆగిన చోట సన్నగా వణుకుతూ ఉండడం నాకు ఇప్పటికీ కళ్ళముందు కనిపిస్తుంది. బిడ్డ పెళ్ళికి తెచ్చిన అప్పు ఆ ఇంటి మీద ఉన్నదని ఊరంతటికీ తెలుసు. ఆ రాత్రి వాళ్ళ ఇంట్లో పొయ్యి వెలగలేదని మా అమ్మ చెప్పింది.

ఆదివారం చిన్నాయన వచ్చాడు. బస్సు దిగి నడిచి రాలేక ఎడ్లబండిలో వచ్చాడు. మనిషి సగమైపోయాడు. ఆయన జేబులో దవాఖాన కాగితం ఒకటి ఉన్నది, దాని తల మీద అదే మాట ఉన్నది. పచ్చకామెర్లతో మూడు వారాలు దవాఖానలో పడి ఉండి, నయమై బయటికి వచ్చిన మనిషి ఆయన. కొడుకు రాసిన ఉత్తరం తంతి కంటే వెనుక పడి, సోమవారం నాడు అందింది. సంతోషంగా ఎదురుచూడవలసిన రెండు దినాలను ఆ ఇల్లు నా ఒక్క మాట వల్ల ఏడుస్తూ గడిపింది. చిన్నమ్మ నన్ను ఒక్క మాట కూడా అనలేదు. ‘సదువుకున్న పిలగానివి, నువ్వు సెప్పినవని నమ్మినం బిడ్డా’ అని మాత్రం అన్నది. ఆ మాటలో నింద లేదు, అయినా అది నాలో అలాగే నిలిచిపోయింది. ఇంగ్లీషు మాటల మధ్య సన్నని తేడాల మీద నాకు పుట్టిన పట్టుదల అక్కడ మొదలైంది.

ఆ మరుసటి సంవత్సరం ఇంటర్మీడియట్ కోసం హనుమకొండకు వచ్చాను. చౌరస్తాకు దగ్గరలో ఒక గదిలో ముగ్గురం ఉండేవాళ్ళం. కాలేజీలో మాకు ఇంగ్లీషు చెప్పిన సారు నిజాం కాలంలో ఉర్దూ మాధ్యమంలో చదువుకున్న మనిషి. 1948 తర్వాత ఒక్కసారిగా చదువు భాష మారిపోయినప్పుడు, ఉర్దూలో నేర్చుకున్న లెక్కలను, చరిత్రను మళ్ళీ ఇంగ్లీషులో నేర్చుకోవలసి వచ్చిందని చెప్పేవారు. బహుశా అందుకే ఆయన ఏ ఇంగ్లీషు మాటనూ ఒంటరిగా చూడనిచ్చేవారు కాదు. దానికి దగ్గరి మాటను పక్కన నిలబెట్టి, ఆ రెంటినీ తెలుగులోనూ ఉర్దూలోనూ తూచి చూపించేవారు. మేమంతా రూళ్ళ నోటుబుక్కులో పేజీ మధ్యన గీత కొట్టి, గీతకు అటొకటి ఇటొకటి జోడు మాటలు రాసుకొనేవాళ్ళం.

మొదటి నెలలోనే, తరగతి అయిపోయిన తర్వాత వరండాలో ఆయనను ఆపి, డిశ్చార్జ్ సంగతి మొత్తం చెప్పాను. ఆయన నవ్వలేదు. వరండా గోడ మీద పుస్తకాలు పెట్టి, ‘బండి మీదికెల్లి బస్తాలు దించుడు చూసినవా నాయినా?’ అని అడిగారు. చూశానన్నాను. ‘ఛార్జ్ అంటే పాత ఫ్రెంచి భాషల బండి మీద బరువు ఎక్కిచ్చుడు. డిశ్చార్జ్ అంటే దించుడు. గంతే. ఇగ నువ్వు ఏడ బరువు దిగిందో చూసుకో’ అన్నారు. రోగి మీదున్న చికిత్స బరువు దిగితే దవాఖాన నుంచి విడుదల. తుపాకిలో కూరిన మందు దిగితే పేలుడు. అప్పు బరువు దిగితే రుణం తీరడం. నెత్తిన పెట్టిన బాధ్యతను నెరవేర్చి దించుకుంటే విధి నిర్వహణ. పనిమనిషిని పని నుంచి దించితే ఉద్యోగం పోవడం. నా చిన్న నిఘంటువులో ఒకదానికొకటి సంబంధం లేనట్టు కనిపించిన అర్థాలన్నీ ఒకే బండి మీది బస్తాలని నాకు ఆ వరండాలో తెలిసింది.

దాని పక్కన నిలబెట్టవలసిన మాట ‘డిస్మిస్’ అని ఆయనే చెప్పారు. అది లాటిన్‌లో పంపివేయడం అన్న అర్థం నుంచి వచ్చింది. అందులో బరువు దించడం లేదు, మనిషిని గడప దాటించడం ఉన్నది. అందుకే ఉద్యోగం విషయంలో డిస్మిస్ అంటే తప్పు చేసి పోగొట్టుకున్నాడన్న ధ్వని ఉంటుంది, డిశ్చార్జ్‌లో ఆ మచ్చ ఉండవలసిన అవసరం లేదు. ఇది మాకు పుస్తకం తేడా కాదు. 1934లో పెట్టిన ఆజంజాహీ మిల్లు మీద ఆధారపడిన కుటుంబాల పిల్లలు మా తరగతిలో ఉండేవాళ్ళు. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టంలో డిశ్చార్జ్, డిస్మిస్, రిట్రెంచ్ అన్న మూడు మాటలూ పక్కపక్కనే వేర్వేరుగా ఉన్నాయని, పని తగ్గిందని మనుషులను తీసివేస్తే అది రిట్రెంచ్‌మెంట్ అని, దానికి నష్టపరిహారం ఇవ్వాలని, శిక్షగా తీసివేస్తే ఆ లెక్కలోకి రాదని సారు బోర్డు మీద రాసి చెప్పారు. వెనుక బెంచీలో కూర్చునే ఒక మిల్లు కార్మికుని కొడుకు ఆ రోజు మొదటిసారి చెయ్యెత్తి ప్రశ్న అడిగాడు.

మాటలు ఎందుకు ఇన్ని జతలుగా ఉంటాయన్న నా సందేహానికి ఆయన ఖిలాను చూపించి జవాబు చెప్పారు. వరంగల్లులో ఎవరినైనా అడిగితే ఖిలాకు పోతున్నామంటారు. చరిత్ర పుస్తకంలో అది ఓరుగల్లు కోట. సంస్కృతం కలిసిన రచనలో దుర్గం. కట్టడం ఒక్కటే, కానీ ఆటో ఆయనను పిలిచి దుర్గానికి వస్తావా అని ఎవ్వరూ అడగరు. ఇంగ్లీషుకూ సరిగ్గా ఇదే జరిగింది. 1066లో నార్మన్లు ఇంగ్లండును గెలిచిన తర్వాత పాలకుల భాష ఫ్రెంచి అయింది, మతానికీ చదువుకూ లాటిన్ ఉండనే ఉన్నది, పొలంలోనూ వంటింట్లోనూ పాత ఇంగ్లీషు మిగిలింది. అందుకే ‘ఆస్క్’ ఇంటి మాట, ‘క్వశ్చన్’ ఫ్రెంచి వైపు నుంచి వచ్చిన మాట, ‘ఇంటరాగేట్’ లాటిన్ మాట. దారి అడిగేవాడు ఆస్క్ చేస్తాడు, సభలో సభ్యుడు క్వశ్చన్ చేస్తాడు, ఠాణాలో మాత్రం ఇంటరాగేట్ చేస్తారు. పశువులు దొడ్లో ఉన్నంతసేపు కౌ, షీప్ అన్న రైతు మాటలు, వండి దొర పళ్ళెంలో పెడితే బీఫ్, మటన్ అన్న ఫ్రెంచి మాటలు అయ్యాయి. మన వాకిట్లో తిరిగే కోడి హోటల్ మెనూలోకి ఎక్కగానే చికెన్ కావడం చూసినప్పుడల్లా నాకు ఆ పాఠం గుర్తుకు వస్తుంది.

కానీ చరిత్ర తెలిసినంత మాత్రాన ఏ మాట ఎక్కడ వాడాలో తెలియదు. దానికి ఆయన ఎంచుకున్న బడి మా గది కింద ఉన్న సైకిలు కిరాయి దుకాణం. ఆ దుకాణంలో పది పన్నెండు సైకిళ్ళు ఉండేవి, ప్రతి సైకిలు వెనుక మడ్‌గార్డు మీద తెల్ల రంగుతో నంబరు వేసి ఉండేది. దుకాణం ఆయన పొడుగాటి లెక్కల పుస్తకంలో పేరు, సైకిలు నంబరు, తీసుకుపోయిన టైము రాసుకొని, గోడ గడియారం వైపు ఒకసారి చూసి, టైరును బొటనవేలితో నొక్కి మన చేతికి ఇచ్చేవాడు. తెచ్చి ఇచ్చినప్పుడు మళ్ళీ అదే గడియారం వైపు చూసేవాడు. ఒకరోజు సారు మమ్మల్ని అడిగారు: ‘మీ రూముకు కిరాయి కడ్తరు. సైకిలు కిరాయికి తెస్తరు. ఆటోల కిరాయి ఇస్తరు. మీ బాపు పత్తి బస్తాలు మార్కెట్‌కు తెస్తె లారీ కిరాయి కడ్తడు. ఇంగ్లీషోడు గీ నాలుగు కిరాయిలకు ఒక్క మాట చాలదన్నడు, ఎందుకు?’

మాకు తెలియలేదు. ఆయన ఒక్కొక్కటీ విప్పారు. గది కిరాయి ‘రెంట్’, ఎందుకంటే అది నెలలు, సంవత్సరాలు నడిచే ఒప్పందం. సైకిలు కిరాయి ‘హైర్’, ఎందుకంటే గోడ గడియారం చూసి లెక్కపెట్టే కొద్దిసేపటి వాడకం అది. పెళ్ళికి షామియానా తెచ్చినా, హాలు మాట్లాడినా బ్రిటిష్ ఇంగ్లీషులో హైరే. అమెరికావాళ్ళు కారును కూడా రెంట్ చేస్తామంటారు, అది వాళ్ళ అలవాటు. ఆటోలో మనిషి కూర్చుంటే ఇచ్చే కిరాయి ‘ఫేర్’, లారీలో సరుకు కూర్చుంటే ఇచ్చే కిరాయి ‘ఫ్రైట్’. మన కిరాయి అన్న మాట డబ్బు చేతులు మారడాన్ని చూస్తుంది, ఇంగ్లీషు మాటలు ఏ వస్తువు, ఎంతసేపు, ఎవరు ఎక్కారు అన్నదాన్ని చూస్తాయి. ఆ తర్వాత నేను ఎప్పుడు సైకిలు తీసుకున్నా దుకాణం ఆయన గడియారం వైపు చూసే చూపులో నాకు ‘హైర్’ కనిపించేది. నలభై ఏళ్ళ పైబడి గడిచినా రెంట్, హైర్ మధ్య నేను ఒక్కసారి కూడా తడబడలేదు.

ఫేర్ అన్న మాటకు అసలు అర్థం ప్రయాణమేనని, ప్రయాణానికి ఇచ్చే డబ్బుగా తర్వాత మారిందని, ఫేర్‌వెల్ అంటే చక్కగా ప్రయాణం చేయమని దీవించడమని ఆయన మా వీడ్కోలు సభలో చెప్పారు. మన ఇండ్లలో గడప దాటేటప్పుడు ‘పోత’ అనకూడదు, ‘పోయొస్త’ అనాలి అని పెద్దలు సరిచేస్తారు కదా, ఇంగ్లీషువాని ఫేర్‌వెల్‌లో తిరిగి రమ్మనడం లేదు, అందుకని మీకు ఫేర్‌వెల్ చెప్పను, పోయి రమ్మంటాను అన్నారు.

షేడ్, షాడోల పాఠం ఎండాకాలం ఒంటిపూట కాలేజీలో జరిగింది. మన నీడ ఒక్కటే, వాళ్ళకు రెండు. సారు మమ్మల్ని ఆవరణలోని వేపచెట్టు కిందికి తీసుకుపోయి, సగం మందిని చెట్టు కింద, సగం మందిని ఎండలో నిలబెట్టారు. చెట్టు కింద ఉన్నవాళ్ళు షేడ్‌లో ఉన్నారు. ఎండలో ఉన్నవాళ్ళ పాదాల దగ్గర నేల మీద నల్లగా పడినవి షాడోలు. షాడోకు రూపం ఉంటుంది, అది ఎవరిదో ఒకరిది అయి ఉండాలి. షేడ్‌కు రూపంతో పని లేదు, ఎండ తగలకపోతే చాలు. ‘చెట్టు నీడన కూసున్న’ అంటే షేడ్, ‘గోడ మీద నీడ కదిలింది’ అంటే షాడో. ఎంత సులువుగా విడిపోయాయో చూడండి. చాలా ఏళ్ళ తర్వాత నల్లగొండ దగ్గర పానగల్లులోని ఛాయా సోమేశ్వరాలయానికి వెళ్ళి, గర్భగుడిలో పగలంతా కదలకుండా నిలిచే ఆ నీడను చూసినప్పుడు, ఇది షాడోనే గాని షేడ్ కాదని నాలో నేనే అనుకున్నాను.

ఈ రెండు మాటల పుట్టుక నాకు ఇంకా ఇష్టమైన విషయం. పాత ఇంగ్లీషులో ఇవి రెండూ ఒకే మాటకు చెందిన వేర్వేరు విభక్తి రూపాలు. మనం ‘ఇల్లు’ అంటాం, దానికి విభక్తి చేర్చేటప్పుడు ‘ఇంటి’ అంటాం. ఇల్లు ఒక అర్థానికీ ఇంటి ఇంకో అర్థానికీ స్థిరపడి, మన మనుమల కాలానికి రెండు వేర్వేరు మాటలైపోతే ఎట్లా ఉంటుందో అట్లాంటిదే అక్కడ జరిగింది. ఈ సంగతి మా సారు చెప్పింది కాదు, నేను అధ్యాపకుడినైన తర్వాత చదివి తెలుసుకున్నది. ఆయనకు చెప్పే అవకాశం ఉంటే ఎంత సంతోషించేవారో అనిపిస్తుంది.

కొన్ని జతల దగ్గర తెలుగే ముందున్నదని ఆయన పట్టుబట్టి చూపించేవారు. ‘హియర్’కూ ‘లిసెన్’కూ తేడా చెప్పడానికి పట్నం పిల్లలు తంటాలు పడుతుంటే, వినపడడం ఒకటి, వినడం ఒకటి అని చెప్పి ఆయన ఒక్క వాక్యంలో ముగించారు. ‘సీ’, ‘లుక్’ కూడా అంతే, కనపడేది ఒకటి, చూసేది ఒకటి. ‘వాచ్’ దగ్గరికి వచ్చేసరికి మాత్రం మా వైపు చూసి, జొన్న చేను కాడ మంచె మీద కూర్చున్నవాళ్ళు ఎవరెవరున్నారని అడిగారు. ఆరేడు చేతులు లేచాయి. చేతిలో వడిసెల పట్టుకొని, ఏ దిక్కు నుంచి పిట్టల గుంపు దిగుతుందో అని పొద్దంతా కనురెప్ప వేయకుండా ఉండే ఆ కావలి వాచ్ అన్నారు. మారేదాన్ని, కదిలేదాన్ని, ఏదో జరుగుతుందని ఎదురుచూస్తూ చూడడం వాచ్. అందుకే బొమ్మను లుక్ చేస్తాం, ఆటను వాచ్ చేస్తాం.

‘ఫ్యూ’కూ ‘ఎ ఫ్యూ’కూ ఉన్న తేడా విద్యార్థులను ఏడిపించే విషయాల్లో మొదటిది. వ్యాకరణ పుస్తకాలు ఒకటి ప్రతికూలార్థం, ఒకటి అనుకూలార్థం అని రాసి ఊరుకుంటాయి. పరీక్షలో ఏది ఏదో పిల్లలు తారుమారు చేస్తారు. మా సారు దానికి తెలుగులో ఒక ఏత్వం చాలన్నారు. ‘డబ్బల బియ్యం కొన్ని ఉన్నయి’ అని అమ్మ అంటే ఈ పూటకు భయం లేదు. ‘కొన్నే ఉన్నయి’ అంటే దుకాణానికి పోవాలి. డబ్బాలో ఉన్న బియ్యం రెండు సందర్భాల్లోనూ అంతే కావచ్చు, మారింది అమ్మ మనసు. కొన్ని అంటే ఎ ఫ్యూ, కొన్నే అంటే ఫ్యూ. ‘ఎ లిటిల్’, ‘లిటిల్’ కూడా ఇదే తీరు. మనం చివర ఏత్వం చేర్చి తక్కువ చేస్తాం, ఇంగ్లీషువాడు ముందున్న ‘ఎ’ తీసివేసి తక్కువ చేస్తాడు. నేను ముప్ఫై ఏళ్ళకు పైగా పాఠం చెప్పిన కాలంలో దీనికంటే మంచి వివరణ ఏ పుస్తకంలోనూ నాకు దొరకలేదు.

బదులు అన్న మాట దగ్గర మాత్రం మేము చాలా కాలం పడిపోతూనే ఉన్నాము. మా వైపు బదులు తెచ్చుకుంటారు, బదులు ఇస్తారు, మాట ఒక్కటే. ఇంగ్లీషులో నా చేతికి వస్తే ‘బారో’, నా చేతి నుంచి పోతే ‘లెండ్’. పెన్ను బారో చేయమని ఎదుటివాణ్ణి అడిగితే, నన్ను అడుక్కోమంటున్నావా అన్నట్టు అవుతుంది. వస్తువు ఏ దిక్కు నడుస్తున్నదో చూసుకోమనేవారు సారు. ‘హిస్టారిక్’, ‘హిస్టారికల్’ వంటి వాటిని ఆయన ఎక్కువసేపు సాగదీయలేదు. చరిత్రకు సంబంధించినది ఏదైనా హిస్టారికల్, చరిత్రలో నిలిచిపోయేది హిస్టారిక్ అన్నారు. రేచర్ల రుద్రుడు 1213లో కట్టించిన రామప్ప గుడి మీద రాసిన వ్యాసం హిస్టారికల్, 2021లో ఆ గుడికి యునెస్కో గుర్తింపు వచ్చిన రోజు హిస్టారిక్ అని నేను నా విద్యార్థులకు ఆ పాఠాన్ని పొడిగించి చెప్పుకున్నాను.

చెరువు గురించి ఆయన చెప్పినది మాత్రం నేను ఎక్కడైనా వాదించగలను. భద్రకాళి చెరువును ఇంగ్లీషులో లేక్ అనాలా, పాండ్ అనాలా, ట్యాంక్ అనాలా అని మాలో మేము కొట్లాడుకున్నాము. లేక్ అంటే సాధారణంగా తనంత తాను ఏర్పడిన పెద్ద జలాశయం, పాండ్ అంటే మన కుంట. కట్ట పోసి, తూము పెట్టి, మత్తడి దుంకేటట్టు మనుషులు కట్టుకున్న దానికి ఆ రెండు మాటలూ సరిపోవు. మన దేశపు ఇంగ్లీషులో దానికి ట్యాంక్ అన్న మాట స్థిరపడింది. పరాయి దేశంవానికి ట్యాంక్ అంటే ఇనుప తొట్టి గుర్తుకు వస్తే అది మన తప్పు కాదు. ‘బండ్’ కూడా పారసీ నుంచి మన దేశం మీదుగా ఇంగ్లీషులోకి పోయిన మాటే. హైదరాబాదు ట్యాంక్‌బండ్ మీద నడిచే ప్రతివాడూ ఈ దేశపు మట్టి అంటిన ఇంగ్లీషు మాటల మీద నడుస్తున్నాడని సారు అనేవారు. మనుషులు ‘ఎక్స్‌పైర్’ అవుతారని మనం రాయడం విషయంలో మాత్రం ఆయన అంత ఉదారంగా లేరు. లైసెన్సు గడువు ముగియడానికీ మందుసీసా తేదీ దాటడానికీ వాడే మాటను కన్నతండ్రి చావుకు వాడవద్దని, ‘డైడ్’ అని రాయడంలో అగౌరవం ఏమీ లేదని, మెత్తగా చెప్పదలిస్తే ‘పాస్డ్ అవే’ ఉన్నదని చెప్పేవారు. మనవాళ్ళ అలవాటును నేను తప్పు పట్టను గాని, మా బాపు పోయినప్పుడు సెలవు చీటీలో నేను డైడ్ అనే రాశాను.

లైబ్రరీలో ఆయన మాకు రెండు పుస్తకాలు చూపించారు. ఒకటి రోజే అనే ఇంగ్లీషు వైద్యుడు 1852లో ప్రచురించిన పర్యాయపదాల కోశం. దగ్గరి మాటలన్నిటినీ ఒక గూటిలో పెడుతుంది గాని, వాటి మధ్య తేడా చెప్పదు. తేడా తెలిసినవాడికి అది మరచిపోయిన మాటను గుర్తుచేస్తుంది, తెలియనివాణ్ణి ముంచుతుంది. రెండోది జపానులో ఇంగ్లీషు బోధించిన హార్న్‌బీ, నేర్చుకునేవాళ్ళ కోసం తన సహచరులతో కలిసి తయారుచేసిన నిఘంటువు. 1942లో టోక్యోలో అచ్చై, 1948లో ఆక్స్‌ఫర్డ్ వాళ్ళ ప్రచురణగా వచ్చింది. అందులో మాటల వాడకం చూపే వాక్యాలు ఉన్నాయి. నేను మొదట తెరిచి చూసిన మాట ఏదో చెప్పనవసరం లేదు. ఆ చిన్న అక్షరాల వాక్యాల్లో రోగి, తుపాకి, అప్పు వరుసగా కనిపించినప్పుడు, ఆ శుక్రవారం నాడు ఈ పుస్తకం నా చేతిలో ఉండి ఉంటే అని ఎంత సేపు బాధపడ్డానో.

మా అందరికీ ఇంగ్లీషు అంటే ఉన్న జంకును పోగొట్టినది వడ్ల పాఠం. మీ భాషలో ఇన్ని సన్నని తేడాలు లేవని ఎవరో అన్నారని ఒకడు చెబితే, సారు బోర్డు మీద ‘రైస్’ అని రాసి, ఇది మీ ఇంట్లో ఏమిటి అని అడిగారు. అన్నం అని ఒకడు, బియ్యం అని ఒకడు, వరి అని ఒకడు అన్నారు. వరుసగా వడ్లు, నూకలు, అటుకులు, పేలాలు వచ్చాయి. తాలు, ఊక, తౌడు కూడా వచ్చాయి. వడ్లకు వాడే ‘ప్యాడీ’ కూడా ఇంగ్లీషువాళ్ళు మలయ భాష నుంచి తెచ్చుకున్నదేనని, బియ్యం వండితే అన్నం అవుతుందన్న తేడాకు వాళ్ళకు ఇప్పటికీ వేరే మాట లేదని, పండించి తినేవాడికి పేర్లు ఎక్కువ అవసరమని చెప్పారు. ‘మనం’, ‘మేము’ రెంటికీ ‘వి’ అన్న ఒక్క మాటతో సరిపెట్టుకొనేవాడు ఎదుటివాణ్ణి కలుపుకున్నాడో లేదో ఎట్లా తెలుస్తుందని కూడా అడిగారు. ఆ రోజు నుంచి తప్పు మాట్లాడతామన్న భయం మాలో చాలామందికి తగ్గింది.

2013 జూలైలో దేశంలో టెలిగ్రాం సేవ ఆగిపోయిందన్న వార్త చదివి, చిన్నమ్మ ఇంటి వాకిలి గుర్తుకు వచ్చి, ఆ రోజంతా నేను ఎవరితోనూ సరిగ్గా మాట్లాడలేకపోయాను. అప్పటికి నేను నర్సంపేట వైపు ఒక కాలేజీలో పాఠం చెబుతున్నాను. సారు పద్ధతిలోనే వడ్ల పాఠం ఏటా చెప్పేవాణ్ణి. ఆ సంవత్సరం బోర్డు నిండా మాటలు వచ్చిన తర్వాత మూడో బెంచీలోని ఒక అమ్మాయి లేచి, ‘సార్, పరిగె ఏరుడుకు ఇంగ్లీషుల ఏమంటరు?’ అని అడిగింది. కోత అయిపోయిన మడిలో రాలి మిగిలిన కంకులను పేదవాళ్ళు ఏరుకోవడం పరిగె. తరగతిలో సగం మందికి ఆ మాట తెలియదు. ‘గ్యాదర్’ అంటే చెల్లాచెదురుగా ఉన్నవాటిని ఒక చోటికి చేర్చడం, ‘కలెక్ట్’ అంటే ఒక ఉద్దేశంతో, ఒక వరుసలో పోగుచేయడం అని చెప్పి, ఆమె అడిగినదానికి మాత్రం ఇంగ్లీషులో సరిగ్గా అదే మాట ఉన్నదని, అది ‘గ్లీన్’ అని చెప్పాను. అక్కడి పల్లెల్లోనూ పేదవాళ్ళు కోసిన పొలాల్లో పరిగె ఏరుకునేవాళ్ళని, ఇప్పుడు ఆ మాటను అక్కడో ముక్క ఇక్కడో ముక్క ఏరి విషయం తెలుసుకోవడానికి వాడుతున్నారని వివరించాను.

ఆ అమ్మాయి నోటుబుక్కులో గీతకు ఇటు పరిగె అని, అటు గ్లీన్ అని రాసుకున్నది. ‘మా అవ్వ పోయేది సార్. ఇప్పుడు మిషన్ కోతలైనంక కంకులు దొరుకుతలేవు, గింజలు రాలిపోతున్నయి, మట్టిలకెల్లి ఏరొస్తలేదు’ అన్నది. అట్లా రాలిపోయిన గింజకు మీ వైపు ఏమంటారని నేను అడిగాను. ఇంటికి పోయి అవ్వను అడిగి రేపు చెప్తానన్నది.